దొరికిందక్క, టాఫీ అంటిన పళ్ళ సెట్టు

బస్సు డిపోలో ఆమెను అసలు పేరుతో పిలిచేవాళ్ళు లేరు. అందరికీ ఆమె దొరికిందక్క. బస్సుల్లో జనం మర్చిపోయిన వస్తువులన్నీ వచ్చి చేరే గది ఆమెది. ఎవరైనా కిటికీ దగ్గరికి వచ్చి, ముఖం వేలాడేసుకుని, “అమ్మా, నిన్న నా సంచీ...” అని అనీ అనకముందే కుర్చీలోంచి లేచి “దొరికింది!” అని కేకపెట్టేది. సగం సార్లు దొరికేది కాదు. అయినా ఆ మాట వినగానే ఎదుటి మనిషి ముఖంలో వచ్చే వెలుగు చూడాలని ఆమెకు సరదా. ఇలా లేనిపోని ఆశలు పెట్టొద్దని డిపో మేనేజరు చెప్పి చెప్పి విసిగిపోయి, చివరికి ఆయన కూడా దొరికిందక్కా అనే పిలవడం మొదలుపెట్టాడు.

ఆ గది బస్సులు కడిగే చోటికి వెనకవైపు ఉంటుంది. పొడుగ్గా, ఇరుగ్గా, గాలీ వెలుతురూ అంతంతమాత్రంగా ఉంటుంది. నేల ఎప్పుడూ తడి, గోడలకు డీజిలు వాసన. ఇనుప అరల నిండా గొడుగులు, కళ్ళజోళ్ళు, నీళ్ళ సీసాలు, స్వెట్టర్లు, ఒంటి చెప్పులు. ఒంటి చెప్పు చూస్తే ఆమెకు బుర్ర ఊరుకోదు. ఒక కాలికే చెప్పు ఉన్న మనిషి ఇంటిదాకా ఎలా నడిచాడు? దారిలో ఎవరూ అడగలేదా? కింది అరలో ఒక ఊతకర్ర కూడా ఉంది. కర్రతో బస్సెక్కినవాడు కర్ర లేకుండా ఎలా దిగాడన్న ప్రశ్న ఆమెను ఏడాదిగా తొలిచేస్తోంది. పెళ్ళి సంగతి ఎవరైనా ఎత్తితే, “వరుణ్ణి కూడా ఎవరైనా మర్చిపోయి నా బల్ల మీద పెడితే అప్పుడు చూద్దాం” అని నవ్వేసేది. వయసు నలభై దాటాక ఆ సంగతి ఎత్తేవాళ్ళూ తగ్గారు.

ఈ కుతూహలానికి నీళ్ళుపోసి పెంచింది మాత్రం ఒక టీవీ సీరియల్. రోజూ సాయంత్రం వంట ముగిసేవేళకు వస్తుంది. అందులో ఒక చిన్న ఊరు. నాలుగు వీధులు, ఒక గడియార స్తంభం, ఒక పోలీస్ స్టేషను, ఆ స్టేషనులో ఒక బొద్దు ఇన్‌స్పెక్టరు. ఆయన చంకలో ఎప్పుడూ గొడుగు ఉంటుంది గానీ దాన్ని విప్పిన పాపాన పోలేదు. వానలో నిలువునా తడుస్తూనే ఎదుటివాణ్ణి మూడు పనికిమాలిన ప్రశ్నలు అడుగుతాడు. పొద్దున ఏం తిన్నావు? ఆ చెప్పులెక్కడ కొన్నావు? మీ పిల్లి బాగుందా? జవాబు చెప్పేవాడికి విసుగు, చూసేవాళ్ళకు నవ్వు. వారం చివరికి ఆ పనికిమాలిన జవాబుల్లోంచే దొంగ బయటపడతాడు. మహా అయితే ఆ దొంగ ఎత్తుకుపోయింది కోడినో, బడి గంటనో అయి ఉంటుంది.

“నాలుగు వీధుల ఊళ్ళో వారానికో దొంగతనమేంటక్కా? అంతమంది దొంగలుంటే ఆ ఊరు ఈపాటికి ఖాళీ అయిపోవాలి కదా?” అని మేనేజరు ఒకసారి ఎగతాళి చేశాడు.

“నిజమే సార్. కానీ అక్కడ కోడి పోతే ఊరంతా వెతుకుతుంది. ఇక్కడ మీ గొడుగు పోతే నేను తప్ప ఎవరు వెతుకుతారు చెప్పండి?”

మేనేజరు మూలనున్న తన గొడుగు వైపు చూసుకున్నాడు. పోయినేడు ఆయన గొడుగు నిజంగానే పోయింది, నిజంగానే ఆమే వెతికిపెట్టింది.

అసలు ఆ సీరియల్లో ఏముందని అడిగితే, నాకు తోచింది నేనూ చెప్తాను. అక్కడ రక్తం కనబడదు, ఎవరి కొంపా కూలదు. దొంగ దొరికాక వాడూ, సొమ్ము పోగొట్టుకున్నవాడూ, ఇన్‌స్పెక్టరూ ఒకే బెంచీ మీద కూర్చుని టీ తాగుతారు. పైగా ఎవరి గుట్టు ఏమిటో శ్రద్ధగా చూసేవాళ్ళు ముందే పట్టెయ్యొచ్చు, ఆఖరిదాకా తెలియనిదల్లా ఇన్‌స్పెక్టరుకే. కాసేపైనా పోలీసుల కంటే మనమే తెలివైనవాళ్ళం అనుకోవడం ఎవరికి చేదు?

ఆ సీరియల్ అంటే చెవి కోసుకునే మనిషి ఆ ఇంట్లో ఇంకొకరున్నారు. ఆమె తండ్రి. ఒకప్పుడు బజారు చివర సెలూన్ నడిపాడు. మనిషిని కుర్చీలో కూర్చోబెట్టి, తెల్లగుడ్డ ఫట్‌మని దులిపి మెడకు చుట్టాడంటే, జుట్టు కత్తిరించడం అయ్యేలోగా ఒక కథ పూర్తయ్యేది. సగం గడ్డం గీసిన మనిషి లేచి ఎక్కడికి పోతాడు? వినాల్సిందే. అయినా చాలామంది గడ్డం పెరగకుండానే వచ్చేవారంటే ఆ కథల కోసమే. తర్వాత చేతులు వణకడం మొదలై, ఒకరి చెవి దగ్గర కత్తి జారేసరికి, ఆయన ఆ రోజే కొట్టు మూసేశాడు. చెయ్యి మానుకుంది గానీ నోరు మానుకోలేదు.

కానీ ఇంట్లో ఆ నోటికి పని లేదు. సీరియల్ మధ్యలో మాట్లాడబోతే కూతురు “ఉష్, నాన్నా!” అనేది. ప్రకటనలప్పుడు ఆమె వంటింట్లోకి పరుగెత్తేది. సీరియల్ అయ్యాక, “ఒళ్ళు హూనమైంది నాన్నా, రేపు చెప్పు” అనేది. రేపు పొద్దున్నే డ్యూటీ. ఆ వారం సీరియల్లో గడియార స్తంభం మీద గడియారానికి ముళ్ళు రెండూ మాయమయ్యాయి. సోమవారం నాడే తండ్రి కుర్చీ అంచుకు జరిగి, “అమ్మాయ్, నాకు తెలుసే! ముళ్ళు తీసింది ఎవరంటే...” అన్నాడు.

“ఉష్! చెప్పావంటే టీవీ కట్టేస్తా!”

ఆయన మళ్ళీ కుర్చీలో వెనక్కి జరిగాడు.

బుధవారం పొద్దున బస్సులు కడిగే పెద్దావిడ, ఒక పాత పేపరును రెండు వేళ్ళ కొసలతో పట్టుకుని, ముఖం పక్కకు తిప్పుకుని కిటికీ దగ్గరికి వచ్చింది.

“ఇదిగో అక్కా, నీ సరుకు. ఆఖరి సీటు కింద దొరికింది. నేనైతే మళ్ళీ ముట్టుకోను.”

విప్పి చూస్తే కట్టుడు పళ్ళు, పై వరసా కింది వరసా. రెండింటినీ కలిపి గట్టిగా పట్టుకుని ఉంది ఒక గోధుమరంగు టాఫీ ముద్ద. దొరికిందక్కకు పట్టరాని సంతోషం కలిగింది. గొడుగు మర్చిపోవచ్చు, పర్సు మర్చిపోవచ్చు, పళ్ళు ఎలా మర్చిపోతారు? టాఫీ అంటుకుపోయి నోరు పెగలక తీసి ఉంటారు సరే, దిగేటప్పుడు నాలుకకైనా తెలియలేదా? అడగడానికి ఇక్కడికి రావాలంటే నోరు తెరవాలి కాబట్టి రావడం లేదా? ఆ పూటంతా ఆమెకు ఇదే ధ్యాస. ఆ గదికి ఒక నియమం కూడా ఉంది. నోట్లో పెట్టుకునేవి, తినేవి ఏవైనా శనివారం సాయంత్రం దాకానే ఉంచాలి. ఎవరూ రాకపోతే చెత్తలోకి పోవాలి.

ఆ సాయంత్రం ఇంటికి వెళ్ళేసరికి తండ్రి మెడకు ఉన్ని మఫ్లరు చుట్టుకుని ఉన్నాడు. మెడకే కాదు, ముక్కుదాకా. ఏమైందని అడిగితే గొంతు వైపు చూపించి చెయ్యి ఊపాడు.

“గొంతు నొప్పా? అందుకేనా నిన్న సీరియల్ కూడా చూడకుండా ముసుగుతన్ని పడుకున్నావు! ఉప్పు నీళ్ళు కాచి ఇస్తానుండు.”

రొట్టె పాలలో నానబెట్టి ఇస్తే, మఫ్లరు కిందినుంచి చెంచా పోనిస్తూ తిన్నాడు. చదివేవాళ్ళకు ఈపాటికి సంగతి అర్థమైపోయి ఉంటుంది. డిపోకంతటికీ డిటెక్టివు అయిన ఆ కూతురికి మాత్రం కాలేదు. పాపం, ఆమెను మరీ అనలేం. పళ్ళు కట్టించుకుని ఏళ్ళు గడిచినా ఆయన వాటిని కూతురి కంట పడనిచ్చేవాడు కాదు. మూతున్న డబ్బాలో వేసి స్నానాల గదిలో సబ్బుల వెనక దాచేవాడు. ఆ డబ్బా ఆమె కంటపడేది గానీ, మూత తీసి చూసేది కాదు. జీవితమంతా పదిమంది ముఖాలకు మెరుగుపెట్టిన మనిషి, తన బోసినోరు కన్నబిడ్డకైనా చూపించడు.

“ఈ రోజు ఏమొచ్చిందో తెలుసా నాన్నా? పళ్ళ సెట్టు! టాఫీతో సహా!” అని ఆమె చేతులు తిప్పుతూ కథంతా చెప్పింది. “శనివారం సాయంత్రానికి ఎవరూ రాకపోతే చెత్తబుట్టే గతి.”

ఆయనకు పొలమారింది. ఆమె వీపు నిమిరి నీళ్ళిచ్చింది.

నోరు విప్పి, అవి నావేనమ్మా అంటే సరిపోయేది కదా అనుకోవచ్చు. సరిపోదు. పోయిన వానల్లో బస్సు మెట్ల మీంచి జారిపడి ఆయన మణికట్టు విరిగింది. కట్టు విప్పిన రోజునే, తను వెంట లేకుండా బస్సు ఎక్కనని కూతురు ఆయన దగ్గర మాట తీసుకుంది. తల్లి పోయాక ఆమెకు మిగిలింది ఆ ఒక్క మనిషి. ఆయనకేమైనా అయితే అన్న భయాన్ని ఆమె కోపంగా చెప్పింది, అంతే. ఇప్పుడు పళ్ళు అడిగితే బస్సు సంగతి బయటపడుతుంది. పోయిన వస్తువులు అడగాల్సిన కిటికీ వెనక కూర్చున్నది ఆ కూతురే. ఇలా ఇరుక్కున్నవాడు ఊళ్ళో ఇంకెవరైనా ఉంటారా?

ఆ సాయంత్రం సీరియల్ ఆమె నిశ్శబ్దంగా, నిమ్మళంగా చూసింది. ఒక్కసారి కూడా ఉష్ అనాల్సిన పని పడలేదు. అయినా సీరియల్ ఎందుకో చప్పగా ఉంది. గొడుగు ఇన్‌స్పెక్టరు కాలుజారి బురదలో పడ్డా ఆమెకు నవ్వు రాలేదు. కారణం ఏమిటో అంతుబట్టక, రాసేవాళ్ళు మారారేమో అనుకుంది.

గురువారం ఒక పెద్దమనిషి నోటికి అరచెయ్యి అడ్డం పెట్టుకుని కిటికీ దగ్గరికి వచ్చాడు. దొరికిందక్క కుర్చీలోంచి చివాల్న లేచింది. ఇన్‌స్పెక్టరులాగే తల ఒక పక్కకు వాల్చి, “పొద్దున ఏం తిన్నారండీ?” అని అడిగింది. ఆయన ఆశ్చర్యపోయి ఏమీ తినలేదని తల ఊపాడు. “టాఫీలు ఇష్టమా?” ఆయన ఇంకా ఆశ్చర్యపోయాడు. ఆమె విజయగర్వంతో డబ్బా తెచ్చి, మూత తీసి, ఆయన ముందు పెట్టింది. ఆయన చెయ్యి తీశాడు. ఒక పెద్ద ఎక్కిళ్ళ చప్పుడు వచ్చింది.

“నా గొడుగమ్మా!” అన్నాడు, నోటినిండా ఉన్న సొంత పళ్ళతో. “ఎక్కిళ్ళు ఆగక చస్తుంటే ఈ దరిద్రమంతా నాకెందుకు చూపిస్తావు?”

ఆయన ఎక్కిళ్ళు మాత్రం అక్కడికక్కడే ఆగిపోయాయి. గొడుగు తీసుకుని, కృతజ్ఞత చెప్పాలో తిట్టాలో తేలక వెళ్ళిపోయాడు. మేనేజరు ఇదంతా విని పొట్ట పట్టుకుని నవ్వాడు. ఆమె ఆ రోజు మళ్ళీ కిటికీ దగ్గర తలెత్తలేదు.

శుక్రవారం మధ్యాహ్నం ఆ పళ్ళు దొరికిన బస్సు కండక్టరు వచ్చాడు. వేరే డిపో నుంచి కొత్తగా బదిలీ అయి వచ్చిన మనిషి. రెండు రోజులు సెలవు పెట్టి, కొత్తగా పుట్టిన మనవణ్ణి చూసొచ్చి, ఆ పొద్దునే డ్యూటీలో చేరాడు. ఎవరో వదిలేసిన స్వెట్టరు ఒకటి ఇచ్చిపోదామని వచ్చాడు. ఆమె ఊరుకుంటుందా?

“మనవడికి జుట్టు ఒత్తుగా ఉందా?”

“నెత్తంతా జుట్టే అక్కా! కళ్ళలో పడుతోంది.”

“ఎవరి పోలిక?”

“ఇంకెవరు, నా పోలికే” అని ఆయన తన బట్టతల నిమురుకున్నాడు.

“మరి బస్సులో ఏమైనా పంచలేదా?”

“పంచకపోవడమేంటి! మంగళవారం నాడు, రోజూ ఎక్కే వాళ్ళందరికీ టాఫీలు పంచాను. నోరు అంటుకుపోయే రకం. అందరూ తిట్టారనుకో.” కండక్టరు జేబు తడుముకుని, మెరిసే కాగితం చుట్టిన టాఫీ ఒకటి తీశాడు. “ఇది ఒక్కటి దాచాను, సీరియల్ తాతగారి కోసం. ఆ రోజు రెండోది కావాలన్నాడు. ఇవాళ చూస్తే మనిషే రాలేదు. నేను లేని రోజుల్లోనూ రాలేదట. బస్సులో ఒకటే గొడవ, తాత ఏడి, గడియారం ముళ్ళ సంగతి ఎవరు చెప్తారని.”

“సీరియల్ తాతగారెవరు?”

“నీకు తెలీదా? ఎండ తగ్గేవేళ ఎక్కుతాడు. చివరి స్టాపుదాకా వచ్చి, ఎక్కడా దిగకుండా అదే బస్సులో వెనక్కి వెళ్తాడు. ముందురోజు వచ్చిన సీరియల్ బస్సంతటికీ చెప్తాడు. టీవీలో కంటే అదే బాగుంటుందక్కా, ఒట్టు! కథ మొదలుపెట్టే ముందు ఇదిగో, ఇలా చేస్తాడు.” కండక్టరు రెండు చేతులూ గాల్లోకి ఎత్తి, లేని గుడ్డ ఒకటి ఫట్‌మని దులిపాడు. “ఎవరైనా తల అటూ ఇటూ తిప్పారో, రెండు వేళ్ళతో గడ్డం పట్టుకుని నిటారుగా పెడతాడు. కదలకు, అంటాడు.”

దొరికిందక్క కుర్చీలో కూర్చుండిపోయింది. ‘దొరికింది’ అన్న మాట ఆమె నోట రాలేదు.

“ఇంత బాగా చెప్తారు కదా, ఇంట్లో వినేవాళ్ళు లేరా అని అడిగానొకసారి” అన్నాడు కండక్టరు, తన ధోరణిలో తాను. “ఇంట్లో అమ్మాయి ఉందట. పొద్దంతా పనిచేసి అలిసిపోయి వస్తుందట. సీరియల్ చూసేటప్పుడు దాని ముఖం చూడాలి బాబూ, చిన్నపిల్లయిపోతుంది, మధ్యలో మాట్లాడి చెడగొట్టడం పాపం, అన్నాడు. మంచి మనిషక్కా. ఒంట్లో బాగుందో లేదో.”

టాఫీ ఆమె బల్ల మీద పెట్టి, ఆయన కనబడితే ఇవ్వమని చెప్పి అతను వెళ్ళిపోయాడు. ఆమెకు సిగ్గేసింది, ఏడుపు వచ్చింది, మాట తప్పి బస్సెక్కినందుకు కోపమూ వచ్చింది. ఎవరివో ఒంటి చెప్పుల గురించి ఏడాదిపాటు ఆలోచించిన బుర్ర, ఇంట్లో మనిషి పొద్దంతా ఏం చేస్తున్నాడని ఒక్కసారి ఆలోచించలేదు. మఫ్లరు కింద లోపలికి పోయిన ఆ బుగ్గలను రెండు రోజులుగా కళ్ళెదుట పెట్టుకుని కూడా చూడలేదు. అన్నిటికంటే ఆ ఉష్ అనే మాట ఆమెను ఎక్కువగా పొడిచింది. అదే మాట ఎన్నేళ్ళుగా అంటోందో తలుచుకోవడానికి కూడా ఆమెకు ధైర్యం చాలలేదు.

ఇప్పుడు ఆ పళ్ళు ఎలా ఇవ్వాలి? ముందు పెట్టి ఇవి నీవేనా అంటే ఆయన తల దించుకుంటాడు. ఆ తల దించుకోవడం చూడటం ఆమె వల్ల కాదు. గొడుగు ఇన్‌స్పెక్టరు ఎప్పుడూ ఎవరి చేతికీ బేడీలు వెయ్యడు. తనకు తెలిసిపోయిందని తెలిసేలా చేసి, తలుపు తెరిచి ఉంచి, పక్కకు తిరిగి నిలబడతాడు. ఆమె శుక్రవారం సాయంత్రమంతా, శనివారం పగలంతా అదే ఆలోచించింది. శనివారం మధ్యాహ్నం వేడినీళ్ళు తెప్పించుకుని, బ్రష్షుతో ఆ టాఫీని కొంచెం కొంచెంగా గీకి, పళ్ళు తళతళలాడేదాకా కడిగింది. సాయంత్రం చెత్త తీసేవేళకు మేనేజరు తొంగిచూశాడు.

“ఆ పళ్ళు పారేశావా అక్కా?”

“దొరికారు సార్.”

“ఎవరు?”

“మా నాన్న” అంది ఆమె. మేనేజరు నవ్వబోయి, ఆమె ముఖం చూసి మానేశాడు.

ఇంటికి వెళ్ళగానే స్నానాల గదిలో సబ్బుల వెనక ఉన్న డబ్బా మూత తీసి, పళ్ళు అందులో పెట్టి, మూత బిగించి, డబ్బాను సబ్బుల ముందుకు జరిపింది. బయటికి వచ్చి, “మొహం కడుక్కుని రా నాన్నా, సీరియల్ టైమవుతోంది. ఇవాళే ఆఖరి భాగం” అంది. ఆయన భుజం మీద తుండు వేసుకుని, పొద్దుటినుంచి గోడకేసి చూస్తున్న చూపుతోనే లేచి వెళ్ళాడు. సాయంత్రం దాటిపోయింది, ఇక పళ్ళ మీద ఆశ లేదని ఆయనకు తెలుసు.

స్నానాల గదిలో నీళ్ళ చప్పుడు ఆగిపోయింది. కాసేపటికి డబ్బా మూత తీసిన చప్పుడు వినబడింది.

బయటికి వచ్చినప్పుడు మఫ్లరు లేదు. బుగ్గలు మళ్ళీ నిండుగా ఉన్నాయి. పెదాలు మాత్రం గట్టిగా బిగించి, కూతురి వైపు చూడకుండా వచ్చి తన కుర్చీలో కూర్చున్నాడు. కుర్చీ చెయ్యి మీద మెరిసే కాగితం చుట్టిన టాఫీ ఉంది.

“కండక్టరు నీకోసం దాచాడు” అంది ఆమె, టీవీ వైపే చూస్తూ. “నువ్వు రావట్లేదని బస్సంతా అడుగుతున్నారట. సోమవారం నుంచి వెళ్ళు. దిగేటప్పుడు అతని చెయ్యి పట్టుకుని దిగు. నాకు భయం నాన్నా, అందుకే అలా అన్నాను.”

ఆయన ఆ టాఫీని అటూ ఇటూ తిప్పాడు.

టీవీలో పాట అయిపోయింది. గడియార స్తంభం కింద ఊరంతా చేరింది. గొడుగు ఇన్‌స్పెక్టరు గొంతు సవరించుకుంటుండగా, ఆమె రిమోటు తీసి టీవీ శబ్దం పూర్తిగా తగ్గించేసింది. ఇన్‌స్పెక్టరు పెదాలు ఊరికే కదులుతున్నాయి.

“అదేంటమ్మాయ్! ఇప్పుడేగా చెప్పేది!”

“నువ్వు చెప్పు. సోమవారమే చెప్తానన్నావుగా. ముళ్ళు ఎవరు తీశారు?”

ఆయన కూతురి ముఖంలోకి చాలాసేపు చూశాడు. వెటకారం ఎక్కడైనా ఉందేమోనని వెతికాడు. లేదని తేలాక కుర్చీ ఆమె వైపు తిప్పుకుని, రెండు చేతులూ పైకెత్తి, లేని గుడ్డను ఫట్‌మని దులిపాడు.

“ఇంకెవరు, ఆ గడియారానికి కీ ఇచ్చే ముసలాడే” అన్నాడు. “మోకాళ్ళు పోయాయి, మెట్లు ఎక్కలేడు. కీ ఇవ్వక గడియారం వెనకబడిపోతోంది. రేపో మాపో ఊరికి తెలిసిపోతుంది. అందుకని ఎలాగో చివరిసారి పైకెక్కి ముళ్ళే పీకేశాడు. ముళ్ళు లేని గడియారం తప్పు చూపిస్తోందని ఎవడంటాడు? ఊరంతా దొంగ కోసం వెతుకుతుంది గానీ, ముసలాడికి చేతకావట్లేదని ఎవరికీ తెలియదు. నాకు చేతకావట్లేదర్రా అని చెప్పుకోవడం కంటే దొంగతనం చెయ్యడమే తేలిక అమ్మాయ్.”

వెనక టీవీలో, గొడుగు ఇన్‌స్పెక్టరు చప్పుడు లేకుండా నడిచి వెళ్ళి, కీ ఇచ్చే ముసలాయన పక్కన బెంచీ మీద కూర్చున్నాడు. ఆమె అటు చూడలేదు. కళ్ళు నిండిపోయి, తుడుచుకుందామని తల పక్కకు తిప్పింది.

తండ్రి రెండు వేళ్ళతో ఆమె గడ్డం పట్టుకుని ముఖాన్ని మళ్ళీ తనవైపు నిటారుగా నిలిపాడు.

“కదలకు” అన్నాడు. “కథ ఇంకా అవలేదు.”